మునిగినవారికి చలి లేదు



ఇంటికి కష్టము వచ్చినపుడు పరామర్శకు వచ్చువారు రెండు తెగలు. కొందరు "అంతయు మన మంచికే" యని మాటలకు తేనె పూయుదురు. మరికొందరు మన కన్నీటికి తమ కన్నీరు చేర్చి పోవుదురు. ఇరువురును మంచివారే. కాని వారు వెడలిన పిమ్మట పొయ్యి వెలిగింపవలసినది మనమే. అట్టి వేళ మనలను నిలువబెట్టునది పెద్దలు విడిచిపోయిన చేదుమాటల మూటయే యని నా యనుభవము. ఈ నెల ఆ మూటను విప్పి చూతము.

2018 అక్టోబరు 11వ తేదీ తెల్లవారుజామున తిత్లీ తుపాను శ్రీకాకుళము తీరమును దాటినది. ఉద్దానమున కొబ్బరి, జీడిమామిడి తోటలు నేలకొరిగినవి. మా పాతపట్నమునను గాలి ఊరకుండలేదు. మా పెరటి కొబ్బరిచెట్టు వంటింటి పెంకులమీద వ్రాలినది. తెల్లవారగనే ఇరుగుపొరుగువారు వచ్చి గుమ్మమునొద్ద నిలిచిరి. ఎవరికిని నోట మాట రాలేదు. మా అత్తగారు మాత్రము లోనికి పోయి, కప్పునకు పడిన బొక్కగుండ ఆకాశమును కొంతసేపు పరికించి, "వంటింటికి పొగగొట్టం పెట్టించండర్రా అని పాతికేళ్లబట్టి పోరుతున్నాను. ఇన్నాళ్లకి దేవుడు విన్నాడు. కొలత మాత్రం ఎవరూ చెప్పినట్టు లేదు" అనిరి.

ఏడ్చుటకు సిద్ధమైన వారమందరము పక్కున నవ్వితిమి. నవ్విన మరుక్షణమున ఒకరు చీపురు తెచ్చిరి, మరొకరు తట్ట తెచ్చిరి. ఆనాటి గంజి వసారాలో కాగినది. ఆ నవ్వు ఒక్క పెంకునైనను అతికింపలేదు. కాని బిగిసిపోయిన మా చేతులను కదలించినది.

"అంత నష్టములో మీకు హాస్యమెట్లు తోచినది అత్తయ్యా?" అని తరువాత నడిగితిని. "మునిగినోళ్లకి చలేటమ్మా?" అని యామె బదులు చెప్పిరి.

ఈ సామెత మన మెరుగనిది కాదు. కార్తికమాసమున నదికి స్నానమునకు పోయిన ప్రతి స్త్రీయు దీని యర్థమును ఒడలితో నేర్చినదే. మెట్టుపై నిలిచి బొటనవ్రేలు ముంచి చూచునామెకే వణకు. తల ముంచి లేచిన యామెకు నీరు నీరే. రాబోవు కీడును తలచు భయము వచ్చిన కీడుకన్న తరచు పెద్దదగునని మన పెద్దలు మూడు ముక్కలలో తేల్చిరి.

ఇట్టివి మన భాషలో కొల్లలు. "గోరుచుట్టుమీద రోకటిపోటు" అనునది కష్టములు వరుస తప్పక వచ్చునని చెప్పి, నీ యొక్కదానికే యిట్లు జరిగినదను దిగులును తీర్చును. "చావు తప్పి కన్ను లొట్టపోయినట్లు" అనునది పోయినదానిని దాచదు, మిగిలినదానిని మరువనీయదు. "కలిమిలేములు కావడికుండలు" అనునది భుజము మార్చుకొనుమని మాత్రమే చెప్పును. కార్ అను ఆంగ్లేయ సైనికాధికారి 1868లో చెన్నపట్టణమున రెండువేలకు పైగా తెలుగు సామెతలను కూర్చి అచ్చువేయించెను. వాని క్రింద కర్తల పేర్లు లేవు. ఎన్ని వంటిండ్లలో ఎందరు స్త్రీలు కన్నీరు తుడుచుకొనుచు వానిని చెక్కిరో!

ఈ బుద్ధి మనకే పరిమితము కాదు. రోము సామ్రాజ్యమున బానిసగా పెరిగిన ఎపిక్టెటసు అను కుంటి జ్ఞాని, మన చేతిలో నున్నవానిని, లేనివానిని వేరుచేయుటయే జ్ఞానమునకు మొదలని బోధించెను. గాలి మన చేతిలో లేదు. చీపురు మన చేతిలో నున్నది.

మా యూరి కావల, మహేంద్రతనయ దాటినచో పర్లాకిమిడి. అచ్చట ఉపాధ్యాయులుగా నుండిన గిడుగు వేంకట రామమూర్తిగారు (1863–1940) సవరల భాషను వారి నోటనే విని నేర్చిరి. కొండజ్వరమునకు క్వినైను వాడగా వారి వినికిడి పోయినది. చెవితో చేయవలసిన పనికి పూనుకొన్నవారికి చెవులే పోవుటకన్న విధి చేయు పరిహాస మేమున్నది? వారు దానికి పనితోనే బదులు చెప్పిరి. 1931లో సవర వ్యాకరణమును ప్రకటించిరి. 1936లో పర్లాకిమిడి ఒరిస్సాలో చేరగా, ముదిమిలో ఇల్లు విడిచి రాజమహేంద్రవరమునకు తరలిరి. అచ్చటను కలము దింపలేదు. వ్యావహారికమునకై జీవితము ధారపోసిన వారిని గూర్చి నేను గ్రాంథికమున వ్రాయుచున్నాను. వారి కష్టములలో నిదియు నొకటిగా చేర్చుకొని మన్నింతురు గాక!

ఇక నొక హెచ్చరిక. చేదుమాట తనకు తాను చెప్పుకొనిన ఔషధము, ఎదుటివారి పుండుపై చల్లిన కారము. పంట పోయి, వెంటనే ఆవు చచ్చిన పొరుగింటి యామెతో నేనొకసారి "గోరుచుట్టుమీద రోకటిపోటు" అంటిని. ఆమె మారు పలుకక లోనికి పోయినది. రోకలి యెత్తినది నేనే యని అప్పుడు తెలిసినది.

అంతకన్న ప్రమాదకరమైన దింకొకటి గలదు. ఉద్దానమున మూత్రపిండముల వ్యాధి యెన్నో కుటుంబములను క్రుంగదీసినది. తొలిదశలో నది నొప్పి చూపదు. రక్తపరీక్ష చేయించిననే బయటపడును. పలాసలో 2023 డిసెంబరులో దీనికై ప్రత్యేక వైద్యశాల తెరచిరి. అచ్చటికి పోవలసిన స్త్రీ "నుదుట వ్రాసినది తప్పునా" యని యింట కూర్చుండినచో, అది ధైర్యము కాదు. కొట్టు భర్తను, అప్పు చేయు కొడుకును "నా కర్మ" యని కప్పిపుచ్చుటయు నట్టిదే. లొంగుటకు ఓర్పని పేరు పెట్టరాదు.

రెంటికిని భేద మెట్లు తెలియునందురా? మాట యనుకొన్న పిమ్మట చేయి కదలినదా, కట్టుపడినదా చూచుకొనుడు. కదలినచో నది మందు. కట్టుపడినచో నదియే రోగము.

మా వంటింటి కప్పు ఆ సంవత్సరమే బాగుచేయించితిమి. మేస్త్రీ పెంకులు పేర్చుచు బొక్క కడకు వచ్చినపుడు మా అత్తగారు క్రిందనుండి కేక వేసిరి: "పూర్తిగా మూసీకు నాయనా! దేవుడు చూపించిన చోటే పొగగొట్టం పెట్టు. కాకపోతే కాస్త చిన్నది."