పాముకాటు: పరిహారం కన్నా ముందు మందు అందాలి

వానాకాలం వస్తే ఇక్కడ బిలాస్‌పూర్ హిందీ పత్రికల జిల్లా పేజీల్లో పాముకాటు వార్తలు తరచూ కనిపిస్తాయి. నేను వ్యాపార్ విహార్‌లో ఉండి ప్రిపేర్ అవుతున్నాను కాబట్టి ఛత్తీస్‌గఢ్ పేరు చెబుతున్నాను. మన కృష్ణా డెల్టా పరిస్థితీ ఇంతే. మనం దీన్ని విధిరాతగా చూస్తున్నాం. నా దృష్టిలో ఇది పాలనా సమస్య.

ముందు నీళ్ల సంగతి. చెరువుల్లో, వరిమళ్లలో ఎక్కువగా కనిపించే నీరుకట్టె పాముకు మనిషిని చంపే విషం లేదు. అసలు ప్రమాదం నేల మీది పాములతో. వరదకు బొరియలు మునిగితే ఎలుకలు పొలం గట్లకు, ఇళ్లకు చేరతాయి. వాటి వెనకే నాగుపాము, కట్లపాము, రక్తపింజర వస్తాయి. ఒట్టికాళ్లతో గట్టు మీద నడిచే కూలీ, నేల మీద పడుకునే కుటుంబం ముందుగా బలవుతాయి. కట్లపాము రాత్రిపూట నిద్రలో కాటేస్తుంది. నొప్పి పెద్దగా ఉండదు కాబట్టి చాలామందికి ఆ విషయమే తెలియదు.

2020లో వెలువడిన ఒక అధ్యయనం ప్రకారం 2000–2019 మధ్య దేశంలో సుమారు 12 లక్షల మంది పాముకాటుతో చనిపోయారు. అంటే ఏటా సగటున 58,000 మంది. వీటిలో సగం మరణాలు జూన్–సెప్టెంబరు మధ్యే జరిగాయి. ఎక్కువ మరణాలున్న 8 రాష్ట్రాల్లో తెలంగాణతో కలిపి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ కూడా ఉంది.

మరి ప్రభుత్వాలు ఏం చేస్తున్నాయి? ఛత్తీస్‌గఢ్‌లో పాముకాటుతో మరణిస్తే కుటుంబానికి 4 లక్షల రూపాయల పరిహారం ఇస్తారు. పేద కుటుంబానికి అది అవసరమే, కాదనను. కానీ 2025లో బిలాస్‌పూర్ జిల్లాలో నకిలీ పాముకాటు మరణాలు చూపి సొమ్ము కాజేశారన్న ఆరోపణలు శాసనసభ దాకా వెళ్లాయి. విషాదం ఏమిటంటే, బతికుండగా ఆసుపత్రికి చేరని మనిషి చనిపోయాక పోస్టుమార్టం కోసం చేరుతున్నాడు.

2018 ఆగస్టులో దివిసీమలో పాముకాట్లు పెరిగినప్పుడు మోపిదేవి ఆలయంలో సర్పయాగం జరిపారు. నమ్మకాన్ని తప్పుపట్టను. అయితే యాగం భయాన్ని తగ్గించగలదేమో గానీ విషాన్ని తగ్గించలేదు. మంత్రగాడి దగ్గరికి వెళ్లేవారిని మూఢులని కొట్టిపారేయడం కూడా సరికాదు. అతను ఊళ్లోనే ఉంటాడు, డాక్టరు దూరంగా ఉంటాడు. పైగా విషం లేని కాట్లు చాలా ఉంటాయి. వాటన్నిటి పేరూ మంత్రానికే వస్తుంది.

కాటు పడితే చేయాల్సింది తక్కువే. కదలకుండా ఉంచాలి, కాలు విరిగినప్పుడు కట్టినట్టు కర్ర ఆధారంతో వదులుగా కట్టాలి, ఉంగరాలు, పట్టీలు తీసేయాలి, 108కు ఫోన్ చేయాలి. తాడుతో బిగించడం, గాయం కోయడం, నోటితో పీల్చడం వద్దు. పామును పట్టుకుని తేవాల్సిన పనీ లేదు. మన దగ్గర దొరికే యాంటీవెనమ్ ఒక్కటే నాగుపాము, కట్లపాము, రక్తపింజర, ఇసుక పింజర అనే నాలుగింటికీ పనిచేస్తుంది. సముద్రపు పాముల మీద మాత్రం పనిచేయదు. అందుకే మత్స్యకారులు వలలో చిక్కిన పామును చేత్తో ముట్టకూడదు.

కేంద్రం 2024 మార్చిలో జాతీయ కార్యాచరణ ప్రణాళిక తెచ్చింది. 2030 నాటికి మరణాలను సగానికి తగ్గించడం దాని లక్ష్యం. అదే ఏడాది ప్రతి కేసునూ విధిగా నమోదు చేయాలని రాష్ట్రాలను కోరింది. కాగితం మీద ఇది బాగుంది. నా సూచనలు మూడు. వానలకు ముందే ప్రతి ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో యాంటీవెనమ్ నిల్వను తనిఖీ చేయాలి. దాన్ని ఎక్కించే ధైర్యం వచ్చేలా అక్కడి డాక్టర్లకు శిక్షణ ఇవ్వాలి. పొలం పనివారికి గంబూట్లు, టార్చిలైటు, దోమతెర అందించాలి. వీటికయ్యే ఖర్చు పరిహారంతో పోలిస్తే చిన్నదే.

రేపు మనలో ఎవరో ఒకరు కలెక్టరో, తహసీల్దారో అవుతారు. పరిహారం ఫైలు మీద సంతకం పెట్టేటప్పుడు ఒక ప్రశ్న కూడా అడగాలి: ఈ మనిషికి మందు ఎన్ని గంటలకు అందింది?

సాధన ప్రశ్న: "పాముకాటు మరణాలు ప్రకృతి వైపరీత్యమా, ప్రజారోగ్య వైఫల్యమా?" చర్చించండి. (250 పదాలు, 15 మార్కులు)