చిన్న తెర మీది పాము

పాత పెట్టె సర్దుతుండగా అబ్బాజాన్ వాడిన నోకియా 1100 బయటపడింది. మీటల మీద 2, 4, 6, 8 అంకెలు దాదాపు చెరిగిపోయాయి. పామును పైకి, ఎడమకు, కుడికి, కిందికి నడిపించిన మీటలవే.

ఆ పాముకు ఒక చరిత్ర ఉంది. 1976లో అమెరికాలో వచ్చిన 'బ్లాకేడ్' అనే ఆట దాని పూర్వరూపం. ఫిన్లాండుకు చెందిన నోకియా ఇంజనీరు తనేలి అర్మాంటో ఆ తరహా ఆటను ఫోనుకు అనువుగా మలిచారు. 1997లో నోకియా 6110తో అది జనం చేతుల్లోకి వచ్చింది. అడ్డంగా 84, నిలువుగా 48 చుక్కలు మాత్రమే ఉన్న తెర; ఒక పాము, దానికింత మేత. తిన్నకొద్దీ పాము పొడుగవుతుంది, మెసిలే చోటు తగ్గుతుంది. చివరకు గోడకో, తన తోకకో తగిలి ఓడిపోతుంది. ప్రకటనలు లేవు, డబ్బు కట్టమనే పిలుపులు లేవు.

ఇంటికంతటికీ ఫోను ఒక్కటే. ఇషా నమాజు, భోజనాలు ముగిశాక అది మా చేతికి వచ్చేది. ఆపా ఆడుతుంటే నేను వెనుక నుంచి దారి చెప్పేవాణ్ణి. ఓడినవారు మరొకరికి ఇవ్వాలన్నది నియమం.

అయితే ఆ రోజులన్నీ నిర్మలమైనవేనంటే అది సత్యం కాదు. ఒక రాత్రి నా పాము మునుపెన్నడూ లేనంత పొడుగు పెరిగింది. సరిగ్గా అప్పుడే ఊరి నుంచి ఫోను మోగింది. ఆట చెడుతుందని కాల్ కట్ చేశాను, ఎవరికీ చెప్పలేదు. బూత్ నుంచి ఫోను చేసిన మామూజాన్‌కు మళ్లీ చేసే వీలు చిక్కలేదు. నానీ పరిస్థితి విషమించిందన్న కబురు మాకు తెల్లవారాక గాని అందలేదు. మేము చేరేసరికి ఆమె అమ్మీని గుర్తుపట్టే స్థితిలో లేరు. తప్పు ఒప్పుకున్నాను. అమ్మీ ఒక్క మాట కూడా అనలేదు. ఆ మౌనం నేటికీ బరువుగానే ఉంది.

అందుకే పాత ఫోను మంచిది, కొత్త ఫోను చెడ్డది అని నేననలేను. పరధ్యానానికి నలుపు తెలుపు తెర కూడా చాలు. తేడా మరొకచోట ఉంది. నాడు పిల్లవాడు దేనిలో మునిగాడో ఇంటిల్లిపాదికీ తెలిసేది. ఆటకు ముగింపు ఉండేది. నేడు తలుపు మూసుకున్న గదిలో, ముగింపే లేని ఆటలో మన పిల్లలు ఒంటరిగా ఉన్నారు. "ఫోను పక్కన పెట్టు" అని గడప దగ్గర నిలబడి కేకవేస్తే మన బాధ్యత తీరుతుందా?

నిన్న రాత్రి మా అబ్బాయి గదిలోకి వెళ్లి, "ఇది ఎలా ఆడాలో నాకూ నేర్పు బేటా" అన్నాను. వాడు ఆశ్చర్యంగా చూశాడు. తర్వాత కాస్త జరిగి చోటిచ్చాడు.