రెండు ఆటల రామస్వామి

“మా పాత ఊళ్లో టెన్నిస్ కోర్టు ఉండేది మేడమ్. ఇక్కడ లేదు, అందుకే మానేశాను.” బదిలీపై వచ్చిన పిల్లల నోట ఈ మాట ఊరూరా విన్నాను. ఇప్పుడు టాటీబంధ్‌లోనూ వింటున్నాను. ఆట మారితే ఫరవాలేదు, మానేయడమే నాకు నచ్చదు.

కోట రామస్వామి పేరు మీలో చాలామంది విని ఉండరు. మద్రాసులో స్థిరపడిన తెలుగు కుటుంబం వారిది. తండ్రి బుచ్చిబాబు నాయుడు అక్కడ భారతీయుల క్రికెట్‌కు పునాది వేసినవారు. ఆయన పేరిట టోర్నమెంటు ఇప్పటికీ జరుగుతోంది. అలాంటి ఇంట్లో పుట్టిన రామస్వామి దేశం తరఫున మొదట ఆడింది మాత్రం టెన్నిస్, 1922 డేవిస్ కప్‌లో! క్రికెట్ టెస్టు ఆడే అవకాశం 1936లో గానీ రాలేదు. అప్పటికి ఆయనకు నలభై ఏళ్లు నిండాయి. మాంచెస్టర్‌లో ఇంగ్లండ్‌పై ఆడిన ఆ తొలి టెస్టులో 40, 60 పరుగులు చేశారు. మొత్తం ఆడినవి రెండే టెస్టులు, సగటు మాత్రం 56 దాటింది.

ఇప్పుడు పోటీ ఎక్కువ, రెండు పడవల మీద కాళ్లు పెడితే కుదరదు అంటారు తల్లిదండ్రులు. పెద్ద స్థాయిలో అది నిజమే. ఏడో తరగతిలోనే ఆ లెక్క ఎందుకు? కోర్టు లేని చోట ఖోఖో ఉంటుంది. టెన్నిస్‌లో అలవాటైన పరుగు, చురుకుదనం అక్కడా పనికొస్తాయి.

వ్యాయామ ఉపాధ్యాయులకూ ఒక విన్నపం: కొత్తగా చేరిన పిల్లల్ని “నీ ఆట ఏది?” అని కాకుండా, “ఇంతవరకూ ఏమేం ఆడావు?” అని అడగండి.