బొమ్మలో స్త్రీ సరే, కుంచె పట్టిన స్త్రీ ఎక్కడ?

చింతలపూడి మామిడి తోటల్లో కూలికి వెళ్లే స్త్రీలతో మాట్లాడటానికి వెళ్లినప్పుడల్లా దాదాపు ప్రతి ఇంట్లోనూ ఒకే లక్ష్మీదేవి కనిపిస్తుంది. ఎరువుల కొట్టువాళ్లిచ్చిన క్యాలెండర్‌లోనో, అద్దం కట్టించిన పటంలోనో తామర పువ్వు మీద నిలబడి ఉంటుంది. తెల్లని మేను, జరీ చీర, ఒంటినిండా నగలు, ఏ పనీ ఎరగని చేతులు. ఆ పటం కింద కూర్చుని నాతో మాట్లాడే స్త్రీ చేతుల మీద మాత్రం మామిడి సొన కాల్చిన మచ్చలు. "లక్ష్మంటే అట్లా ఉండాలి గానీ మాలాగా ఉంటదా అమ్మా?" అని ఒకామె నవ్వేసింది. ఆ నవ్వు నన్ను చాలాకాలం వదల్లేదు.

ఆ రూపం అనాదిగా వస్తున్నదేమీ కాదు. తైలవర్ణాలతో, వెలుగునీడలతో మనిషిని అచ్చం ఎదురుగా ఉన్నట్టు చూపించే 19వ శతాబ్దపు ఐరోపా చిత్రకళను రవివర్మ (1848–1906) మన పురాణాలకు తొడిగాడు. 1894లో బొంబాయిలో ఆయన పెట్టిన ప్రెస్సు ఆ బొమ్మల్ని రాజమహళ్ల నుంచి మామూలు ఇళ్లకు చేర్చింది. దీనివల్ల మేలు లేకపోలేదు. గుడి గడప తొక్కనివ్వని వాళ్ల ఇళ్లలోకి కూడా దేవుళ్లు వచ్చారు. అయితే వాళ్లతోపాటు అందానికి ఒక కొలత కూడా వచ్చింది. అది తీరిక ఉన్న, పై కులపు స్త్రీ కొలత.

ఆ కళ వెంట మరో నియమం ఉంది. గీసేది పురుషుడు, గీయించుకునేది స్త్రీ. లండన్ రాయల్ అకాడమీ 1860 దాకా విద్యార్థినులను చేర్చుకోలేదు. మనిషి శరీరాన్ని చూసి గీయడమే ఆ చదువుకు ప్రాణం. ఆ తరగతిలోకి స్త్రీలను 1893లో గానీ రానివ్వలేదు, అదీ మోడల్ ఒంటికి గుడ్డ చుట్టి! పారిస్‌లోని ఎకోల్ దె బోజార్ 1897 దాకా స్త్రీలకు తలుపు తీయలేదు. బట్టలు విప్పి నిలబడటానికి పనికొచ్చిన స్త్రీ, బొగ్గుముక్క పట్టి గీయడానికి పనికిరాలేదు.

మన దగ్గర కథ వేరా? రవివర్మ చెల్లెలు మంగళాబాయి కూడా చిత్రకారిణే. ఆమె పేరు మనలో ఎందరు విన్నారు? అంత దూరం ఎందుకు, చింతలపూడికి దగ్గరలోనే ఉన్న రాజమండ్రి సంగతి చూద్దాం. బొంబాయి జె.జె. స్కూల్లో చదివి వచ్చి, 1925లో మశూచితో చిన్న వయసులోనే పోయిన దామెర్ల రామారావు మనందరికీ గర్వకారణం. ఆయన భార్య సత్యవాణి, సోదరి బుచ్చికృష్ణమ్మ కూడా బొమ్మలు వేశారు. వాళ్ల చిత్రాలు కూడా ఉన్న గ్యాలరీకి ఆయన పేరే ఉంది. చరిత్రలో వాళ్లు ఆయన భార్యగా, సోదరిగా మిగిలారు.

ప్రతిభ ఉంటే పేరు దానంతటదే వస్తుందంటారు. చదువూ, తీరికా, రంగులు కొనుక్కునే డబ్బూ, చివరన సంతకం పెట్టే హక్కూ లేకుండా ఏ పేరు వస్తుంది?

ఈ ప్రశ్న మనల్నీ వేసుకోవాలి. మన కరపత్రాల మీద, పోస్టర్ల మీద స్త్రీల బొమ్మలు ఎవరు గీస్తున్నారు? రోజూ వాకిట్లో ముగ్గు పెట్టే చేతికి గీత రాదని ఎవరన్నారు? వచ్చే సంఘం మీటింగులో ఆ స్త్రీలకే కాగితం, రంగులు ఇద్దాం. తమను తాము గీసుకోమందాం. సొన మచ్చలతో సహా. కింద వాళ్ల పేరు తప్పకుండా రాయిద్దాం.