పది చీట్లూ, వెయ్యి బడులూ

బాలలూ!

ఈ నెల ఒక చిన్న లెక్క అడుగుతాను. తొందరపడకుండా జవాబు చెప్పండి.

రెండు బడులున్నాయి. ఒకదానిలో పదో తరగతి పరీక్షకు పదిమంది కూర్చున్నారు, ఏడుగురే ప్యాసయ్యారు. రెండోదానిలో నూరుమంది కూర్చున్నారు, తొంభైమంది ప్యాసయ్యారు. ఏ బడిలో పాఠాలు బాగా చెబుతున్నారు?

"రెండోదానిలోనే!" అనేశారు కదూ? ఒకప్పుడు నా ఎదుటా అట్లాగే అన్నారు.

సిద్దిపేట ఇంకా జిల్లా కాని రోజులవి (జిల్లా అయింది 2016లో కదా). ఆ దాపున ఒక పల్లె బడికి నేను పెద్దసారును. ఒక ఏడు మా పదిమందీ ప్యాసయ్యారు. సమావేశంలో నా మెడలో పూలదండ వేసి, "నూటికి నూరు!" అని చప్పట్లు కొట్టారు. మరుసటి ఏడు అవే పుస్తకాలు, అదే నల్లబల్ల, అదే పంతుళ్లు. కాని ముగ్గురు తప్పారు. ఈసారి అదే సమావేశంలో నన్ను నిలబెట్టి, "ఏడాదంతా ఏం చేశారు?" అని అడిగారు. నా నోట మాట రాలేదు. దండ వేసిన రోజు కూడా నేనేమీ చెప్పలేదనుకోండి, అది వేరే సంగతి.

ఉద్యోగం విరమించిన తరవాత, ఏడో తరగతి చదివే మా మనుమరాలిని పక్కన కూర్చోబెట్టుకుని ఆ ప్రశ్నకు జవాబు వెతికాను.

"బిడ్డా, పది చీట్ల మీద 0 నుంచి 9 దాకా అంకెలు వేసి చెంబులో పడెయ్యి. ఒక చీటీ తీస్తే ఒక పిల్లవాడు పరీక్ష రాసినట్టు. సున్న వస్తే తప్పాడు. ఇంకేది వచ్చినా ప్యాసు. పదిసార్లు తీస్తే ఒక బడి" అన్నాను.

ఇందులో కిటుకు గమనించారా? ఏ బడిలో ఏ పిల్లవానికైనా ప్యాసయ్యే అవకాశం పదింట తొమ్మిది పాళ్లే. చదువు చెప్పడంలో అన్ని బడులూ సరిసమానం.

పిల్ల ఒక బడి తీసింది: తొమ్మిదిమంది ప్యాసు. రెండోదీ తొమ్మిది. మూడోదీ తొమ్మిదే! "తాతా, ఇదేం ఆట?" అని విసుక్కున్నది. చూద్దును గదా, తీసిన చీటీని మళ్లీ చెంబులో వేయడం లేదు! పది చీట్లూ వరసగా తీసేస్తే సున్న సరిగ్గా ఒకసారి రాక తప్పదు. నిజం పరీక్షలో అలా ఉండదు. ఒకడు తప్పినంత మాత్రాన మిగతా తొమ్మండుగురూ గట్టెక్కాలని ఎక్కడా రాసిలేదు. అందుకని ఒక్కొక్క చీటీ చూసి, రాసుకుని, తిరిగి చెంబులో వేసి, బాగా కుదిపి మళ్లీ తీయాలి.

అలా చేసేసరికి ఆట పసందుగా మారింది. ఒక బడికి పదీ వచ్చాయి, ఒకదానికి ఎనిమిదే. పది బడులు పూర్తయ్యేసరికి దీపాలు పెట్టే వేళయింది, చేతులు నొప్పి పుట్టాయి.

అప్పుడు కంప్యూటర్ తెరిచాం. గళ్ల పట్టికలు వేసే ఎక్సెల్‌లో రాండ్‌బిట్వీన్ అనే ఆజ్ఞ ఉన్నది. దానికి 0, 9 అని ఇస్తే ఆ అంకెల్లో ఏదో ఒకటి గడిలో పడుతుంది. ఏది పడేదీ ముందుగా మనకు తెలియదు. అడ్డంగా పది గళ్లు ఒక బడి. నిలువుగా వెయ్యి వరుసలు వెయ్యి బడులు. పదివేల చీట్లు రెప్పపాటులో తీసి పెట్టింది! ఇలా నిజానికి బదులు అంకెలతో ఆడించి చూడడాన్ని సిమ్యులేషన్ అంటారు.

ఏం తేలింది? వెయ్యి బడుల్లో ఇంచుమించు 350 నూటికి నూరు తెచ్చుకున్నాయి. సుమారు 70 బడుల్లో ఏడుగురో, అంతకన్నా తక్కువమందో ప్యాసయ్యారు. మళ్లీ ఆడిస్తే అంకెలన్నీ మారిపోతాయి గాని, ఈ లెక్క పెద్దగా కదలదు. ఇందాక దండ పడిన బడి ఇప్పుడు చివాట్లు తింటుంది. పంతుళ్లు మారారా అంటే, ఆ బడుల్లో అసలు పంతుళ్లే లేరాయె!

తరవాత బడికి నూరేసి గళ్లు పెట్టాం. వెయ్యి పెద్ద బడుల్లో ఒక్కటీ నూటికి నూరు తేలేదు. ఒక్కటీ డెబ్బైకి దిగలేదు. దాదాపు అన్నీ 84కూ 96కూ నడుమనే నిలిచాయి. మంది పెరిగినకొద్దీ అదృష్టం ఊపు తగ్గుతుందన్నమాట. జాబితాలో పైనా చిన్న బడులే, అడుగునా చిన్న బడులే కనిపిస్తే వింతేమీ లేదు.

కొద్దిపాటి లెక్కను ఎంతవరకు నమ్మవచ్చునన్న ఈ చిక్కు పాతదే. డబ్లిన్‌లో గిన్నెస్ బీరు కంపెనీలో పనిచేసిన గోసెట్‌కు ఇదే ఎదురైంది. ఆయన 3,000 మంది ఖైదీల ఎత్తులూ, నడిమివేళ్ల పొడవులూ అట్టముక్కల మీద రాసి, బాగా కలిపి, నాలుగేసి చొప్పున 750 జట్లు చేసి చూశాడు. కంప్యూటర్ లేదు, చేతులే! 1908లో ఆ ఫలితాన్ని "స్టూడెంట్", అంటే విద్యార్థి, అనే మారుపేరుతో ప్రకటించాడు. నాకు ఆ పేరు చాలా నచ్చింది.

మన దేశంలో మహలనోబిస్ 1931లో కలకత్తాలో భారత గణాంక సంస్థను నెలకొల్పారు. చీట్లు తీసే శ్రమ తప్పించే పట్టికలను ఆయన బృందం 1934లోనే అచ్చువేసింది. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో లెక్కలు చదివిన మన సి. ఆర్. రావు 1941లో చేరింది ఆ సంస్థలోనే. 2023లో, 102 ఏళ్ల వయసులో, ఆయనకు అంతర్జాతీయ గణాంకశాస్త్ర బహుమతి వచ్చింది.

ఇక పెద్దలకు ఒక మాట. ఈ ఆట నేను పాఠాలు బాగా చెప్పానని రుజువు చేయలేదు. ఏడు అనే అంకె ఒక్కటే చూసి ఆ సంగతి తేల్చలేమని మాత్రమే చూపింది. పదింట తొమ్మిది అన్నదీ నేను పెట్టుకున్న అంకే. ఊళ్లో జ్వరాలు వస్తే పిల్లలు కలిసికట్టుగా తప్పుతారు. చెంబులో చీట్లకు జ్వరాలు రావు. తప్పిన ఆ ముగ్గురి ఇళ్లకూ వెళ్లి కారణం కనుక్కోవలసింది. నేను వెళ్లలేదు. సమావేశంలో పడ్డ మాటలే తలుచుకుంటూ ఆ వేసవి గడిపేశాను.

పిల్లలూ, ఇప్పుడు మీ వంతు. అయిదుగురేసి పిల్లలున్న బడులు వంద తీస్తే ఎన్నింటికి నూటికి నూరు వస్తుంది? ముందుగా మీకు తోచిన అంకె కాగితం మీద రాసిపెట్టుకుని, తరవాత మొదలుపెట్టండి. జవాబు వచ్చే నెల. తీసిన చీటీని మళ్లీ చెంబులో వేయడం మరవకండేం!