పట్టా ఇచ్చిన చేత్తోనే

1973లో భూ సంస్కరణల చట్టం వచ్చింది. సర్కారు పేదలకు పంచిన అసైన్డ్ భూమిని ఎవరూ అమ్మకూడదు, కొనకూడదు అంటూ 1977లో ఇంకో చట్టం వచ్చింది. ‘ఈ భూమి మీదే’ అని సర్కారు దళితుల చేతిలో కాగితం పెట్టింది. జహీరాబాద్ చుట్టుపక్కల ఆ కాగితానికి దక్కింది చాలాచోట్ల రాళ్లు తేలిన చెలక. ఆడవాళ్లు రాళ్లు ఏరి, గట్లు పోసి, చెరువుమట్టి తోలి జొన్న, కంది, సామ, కొర్ర పండించారు. ఇప్పుడు నిమ్జ్ అనే పారిశ్రామిక మండలి పేరుతో న్యాల్కల్, ఝరాసంగం మండలాల్లో 12 వేల పైచిలుకు ఎకరాలు కావాలంటోంది సర్కారు. అందులో అసైన్డ్ భూములూ ఉన్నాయి. పట్టా భూమికి ఒక ధర, అసైన్డ్ భూమికి అంతకన్నా తక్కువ ధర! చెమటలో తేడా ఏముందని?

రెవెన్యూ రికార్డులో ఈ కష్టం కనిపించదు. అక్కడ చేను అంటే ఒక సర్వే నంబరు. కష్టాన్ని రికార్డు చేసింది పస్తాపూర్ కెమెరా. డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల్లోని దళిత మహిళలు, చాలావరకు అక్షరం ముక్క రానివాళ్లు, కెమెరా పట్టడం నేర్చుకున్నారు. పై నుంచి కిందికి చూసేది వాళ్లకు పటేల్ షాట్. మనిషి కళ్లలోకి సమానంగా చూసేది సంఘం షాట్. కెమెరాను ఎంత ఎత్తులో పట్టాలో వాళ్లకు దొర గడప నేర్పింది, ఏ ఫిల్మ్ స్కూలూ కాదు.

వాళ్లు తీసినవి ఎన్జీఓ ప్రచార చిత్రాలని కొట్టిపారేసేవాళ్లున్నారు. వాళ్లకు జవాబు వరంగల్ చేలలో ఉంది. 2002లో కేంద్రం బీటీ పత్తికి అనుమతి ఇచ్చాక ఈ మహిళలు అక్కడికి వెళ్లారు. ఒక్కరోజు పోయి బైట్ తెచ్చుకోవడం కాదు, విత్తు పడ్డప్పటి నుంచి పత్తి ఏరేదాకా మళ్లీ మళ్లీ అవే చేలకు పోయి, ఆ రైతుల నోటే నష్టం చెప్పించారు. కంపెనీ పోస్టర్ ఒకటి చెబుతుంటే చేను ఇంకొకటి చెప్పింది. ప్రచారం ఎవరిది?

రాజ్యం తన బొమ్మను తానే తీయించుకుంటే ఏం మిగులుతుందో చూడండి. రుమేనియాలో ఆంద్రేయ్ ఉజీకా 2010లో ఆ దేశపు ఒకప్పటి నియంత చౌషెస్కు మీద మూడు గంటల డాక్యుమెంటరీ చేశాడు. వ్యాఖ్యానం లేదు, ఉన్నదంతా పాత దృశ్యాలే, ఎక్కువగా సర్కారు తీయించుకున్న రీళ్లు. సోషలిజం పేరు చెప్పిన రాజ్యం కూలాక మిగిలింది పాలకుడి బొమ్మే. మనకు అంతకన్నా విలువైనది ఉంది. సోషలిస్టు మాటలు చెప్పి, ఆపై పెట్టుబడి బాట పట్టిన మన రాజ్యం కింద బతికిన కూలి మనిషి స్వయంగా తీసుకున్న బొమ్మ.

అందుకే అడుగుతున్నాను. నిమ్జ్ కోసం అసైన్డ్ భూములు లాక్కోవడం ఆపండి. ఇప్పటికే తీసుకున్న ప్రతి ఎకరాకూ పట్టా భూమి ధరే కట్టండి. హైదరాబాద్ తార్నాకలోని రాష్ట్ర ఆర్కైవ్స్‌లో మొఘలుల, ఆసఫ్ జాహీల కాగితాలకు చోటుంది. పస్తాపూర్ టేపులకూ చోటివ్వండి, ఆ మహిళలు ఒప్పుకుంటేనే, వాళ్లు పెట్టిన షరతుల మీదే. టేపు కాలంతో పాటు పాడవుతుంది, కాబట్టి డిజిటల్ ప్రతుల ఖర్చు సర్కారే భరించాలి. భూసేకరణ విచారణలో అధికారి సర్వే నంబరు చదివే ముందు, ఆ ఊరి చేల దృశ్యాలు ఏమున్నా తెర మీద వేసి చూడాలి. ఆ తర్వాతే ధర మాట ఎత్తాలి.