డబ్బా మీద వాట్లు ఒక్కటే రాస్తే చాలదు

భారతీయ ప్రమాణాల సంస్థ డైరెక్టర్ జనరల్ గారికి,
మానక్ భవన్, న్యూఢిల్లీ.



కనుమ నాడు పొద్దున్న మా కింది వాటాలో మిక్సీ కాలిపోయింది. ఆ వాటాలో అద్దెకుంటున్న అమ్మాయి బట్టల షాపులో పనిచేస్తుంది. ఇద్దరు పిల్లలు. దసరాకి వచ్చిన బోనసులోంచి 1,900 రూపాయలు పెట్టి కొనుక్కుంది దాన్ని. డబ్బా మీద 750 వాట్లు అని అరచేతి వెడల్పున రాసి ఉంది. కనుమకి మినుము తినాలి గనక గారెలకి పప్పు నానబోసింది. గారెల పిండికి నీళ్లు పోయకూడదు, చిలకరించాలంతే. రెండో వాయి సగంలో మోటారు మూలిగి ఆగిపోయింది. నన్ను పిలిస్తే వెళ్లి, మిక్సీ తిరగేసి, అడుగున ఉన్న ఎర్ర బొత్తాం నొక్కాను. తిరిగింది. మళ్లీ ఆగింది. మళ్లీ నొక్కాను. మూడోసారి కమురు వాసన కొట్టి, గాలి కోసం పెట్టిన సందుల్లోంచి సన్నగా పొగ వచ్చింది. జారులో పప్పు సగం పలుకు పలుకుగానే ఉంది.

ఆ బొత్తాం ఎందుకుందో నాకు అప్పుడు సరిగా తెలియదు. మోటారు మీద భారం ఎక్కువైతే కాలిపోకుండా కరెంటు ఆపేసే ఏర్పాటు అది. నొక్కేముందు జారులో పిండి కొంత తీసేయాలి, మోటారుని బాగా చల్లారనివ్వాలి. డబ్బాలో పెట్టిన కాగితంలో ఆ సంగతి ఉంది. ఇంగ్లీషులో, చీమ తలకాయంత అక్షరాలతో ఉంది. ఆ అమ్మాయి తెలుగు మీడియంలో పదో తరగతి దాకా చదువుకుంది.

పండగ వెళ్లాక ఇద్దరం దాన్ని మా వీధి చివర మిక్సీలు బాగుచేసే ఆయన దగ్గరికి తీసుకెళ్లాం. ఆయన అడుగు స్క్రూలు విప్పి, నల్లబడిన తీగ చుట్ట బయటికి లాగి, మాడని చోట ఒక పోగు పట్టుకుని బ్లేడుతో గీకాడు. పైకి రాగి రంగే. గీకిన చోట మాత్రం తెల్లగా మెరిసింది. "అల్యూమినియం అమ్మా. పూత రంగు చూసి రాగి అనుకుంటారు" అన్నాడు. మళ్లీ చుట్టి ఇమ్మంటే ఒప్పుకోలేదు. ఈ తీగతో అతుకులు సరిగా నిలవవు, మూడు నెలలకి మీరే వస్తారు, నాకు మాట వస్తుంది అన్నాడు. ఆ మాట నాకు నిజాయితీగానే వినిపించింది.

అయ్యా, అల్యూమినియం వాడటం నేరమని నేననడం లేదు. కానీ అదే మందం తీగలో కరెంటుకి రాగి కంటే అది దాదాపు 1.6 రెట్లు ఎక్కువ అడ్డుపడుతుంది. ఆ అడ్డంతా వేడిగా మారుతుంది. పైగా మిక్సీ మోటారు తిరిగినప్పుడే దాని ఇరుసుకున్న ఫ్యాను తిరిగి గాలి విసురుతుంది. గారెల పిండి లాంటి గట్టి ముద్ద పడితే మోటారు నెమ్మదిస్తుంది. నెమ్మదించిన కొద్దీ కరెంటు ఎక్కువ లాగుతుంది, ఫ్యాను గాలి తగ్గుతుంది. అంటే వేడి పెరిగే సమయానికే చల్లబరిచేది తగ్గిపోతుంది. మన వంటింట్లో మిక్సీకి అసలు పరీక్ష అక్కడే. పళ్లరసం ఏ మిక్సీ అయినా తీస్తుంది.

ఈ దేశంలో మిక్సీ కథ మొదలైందే అలాంటి ఇబ్బందిలోంచి. 1960ల్లో బొంబాయిలో మాధురీ మాథుర్ గారి జర్మనీ మిక్సీ పాడైతే ఇక్కడ బాగుచేసే దిక్కు లేకపోయింది. భర్త సత్యప్రకాశ్ మాథుర్ ఇంజనీరు. పసుపు కొమ్ములకీ, నానిన పప్పులకీ తట్టుకునే మోటారు తనే తయారుచేశారు. అదే తర్వాత సుమీత్ మిక్సీ అయింది. మన పప్పునీ మన మసాలానీ చూసి మోటారు కట్టాలన్న ఆ ఆలోచన మూలంగానే రోలు పనిలో సింహభాగం ఆడవాళ్ల భుజాల మీద నుంచి దిగింది. ఇన్నేళ్ల తర్వాత కూడా తక్కువ డబ్బుతో కొనే మనిషి ఆ మోటారు దేనికి తట్టుకుంటుందో తెలియకుండానే కొనాల్సి రావడం నాకు బాధగా ఉంది.

షాపులో ఆ అమ్మాయి చూడగలిగినవి మూడే: ధర, వాట్లు, జార్ల సంఖ్య. వాట్లంటే మోటారు ఎంత కరెంటు తీసుకుంటుందో చెప్పే లెక్క. అందులో ఎంత రుబ్బడానికి పోతుందో, ఎంత వేడిగా, చప్పుడుగా పోతుందో ఆ అంకె చెప్పదు. రాగితో గట్టిగా చుట్టిన 500 వాట్ల మిక్సీ, నాసిరకం 750 వాట్ల మిక్సీ కంటే ఎక్కువ కాలం ఇంట్లో నిలవడం నేను చూశాను. ఇందులో కరెంటు ఆదా గొడవ కూడా పెద్దగా లేదు. 750 వాట్ల మిక్సీ రోజుకి 20 నిమిషాలు నడిపినా పావు యూనిట్టే, నెలకి ఏడున్నర యూనిట్లు. పేదింటికి మిక్సీలో ఖరీదైనది కరెంటు కాదు, రెండోసారి మిక్సీ కొనాల్సి రావడం.

మీ సంస్థ మీద నాకు గౌరవం ఉంది. తడి చేతులతో ముట్టుకునే వస్తువు కాబట్టి ఐఎస్ఐ గుర్తు లేని మిక్సీ కొనొద్దని తెలిసినవాళ్లందరికీ చెబుతాను. గుర్తు పైన ఐఎస్ నంబరు, కింద సీఎం/ఎల్ అని మొదలయ్యే లైసెన్సు నంబరు ఉంటాయనీ, ఆ లైసెన్సు అసలుదో కాదో మీ బీఐఎస్ కేర్ యాప్‌లో చూసుకోవచ్చనీ మా అపార్ట్‌మెంట్ల ఆడవాళ్లకి చేసి చూపించాను. మిక్సీలకి ఐఎస్ 4250 అనే ప్రమాణం ఉందని కూడా తెలుసు. దాని కింద మీ ల్యాబుల్లో ఏ పరీక్షలు జరిగినా వాటి ఫలితం డబ్బా దాకా రావడం లేదు. గుర్తు ఉంటే ప్రాణానికి భయం లేదని కొనేవాళ్లకి తెలుస్తుంది. నానిన మినప్పప్పు ఎంత రుబ్బుతుందో తెలియదు.

అందుకే అడుగుతున్నాను. మోటారులో తీగ చుట్ట (వైండింగ్) రాగో అల్యూమినియమో డబ్బా మీద రాయించండి. ఒక్క మాట చాలు. ఆగకుండా ఎన్ని నిమిషాలు నడపొచ్చో, తర్వాత ఎన్ని నిమిషాలు ఆపాలో మిక్సీ ఒంటి మీదే, కొనేవాళ్ల భాషలో, కళ్లజోడు లేకుండా చదవగలిగేలా వేయించండి. వాట్ల పక్కనే గట్టి పిండి లెక్క కూడా పెట్టించండి, నానిన మినప్పప్పు ఒక్క వాయికి ఇన్ని గ్రాములు అని. ఆ లెక్క ఉంటే కనుమ నాడు మేం జారు నిండా పప్పు వేసేవాళ్లం కాదు.

ఇక జార్ల సంగతి కాస్త ఎక్కువగా చెప్పాలి. మా ఇంట్లో పాత మిక్సీకి మోటారు ఈ రోజుకీ భేషుగ్గా ఉంది. కానీ రెండేళ్ల కిందట చట్నీ జారు బుష్ అరిగి, బ్లేడు కింద నల్లటి జిడ్డు కారడం మొదలెట్టింది. కొబ్బరి పచ్చడిలో నల్ల చార కనిపించిన రోజున ఆ జారు పారేశాను. కొత్తది అడిగితే ఆ మోడల్ ఆపేశారన్నారు. వేరే కంపెనీ జారు తెస్తే, అడుగున దాన్ని మోటారుతో కలిపే కప్లర్ పళ్లు కలవలేదు. నడిచే మోటారు అటక మీద పెట్టి కొత్త మిక్సీ కొన్నాను. నేను కొనగలిగాను. కింది వాటా అమ్మాయి కొనలేదు.

ఏ కంపెనీ బల్బు తెచ్చినా మన హోల్డరులో పడుతుంది. ఏ కంపెనీ మూడు పిన్నుల ప్లగ్గు అయినా మన సాకెట్టులోకి వెళుతుంది. ఫోన్ల చార్జర్లకి టైప్-సి ప్రమాణం మీరే తెచ్చారు. అలాంటప్పుడు మిక్సీ కప్లర్‌కీ జారు అడుగుకీ ఒక కొలత పెట్టడం మీకు అసాధ్యమని నేననుకోను. అది కుదిరేదాకా కనీసం జారు, కప్లర్, కార్బన్ బ్రష్‌లు ఎన్నేళ్లు దొరుకుతాయో, ఎంత ధర ఉంటాయో డబ్బా మీద ఉండాలి. మోటారుకి 5 ఏళ్ల గ్యారంటీ అని పైన రాసి, జారూ కప్లరూ దానిలోకి రావని లోపలి కాగితంలో చెప్పడం న్యాయం కాదు. వినియోగదారుల వ్యవహారాల శాఖ బాగుచేయించుకునే హక్కు కోసం 2022 జూలైలో కమిటీ వేసింది, అదే ఏడాది డిసెంబరు 24న పోర్టల్ తెరిచింది. మంచి పని. కానీ 2,000 రూపాయలు చేతిలో పట్టుకుని కౌంటరు ముందు నిలబడ్డ మనిషి పోర్టల్ తెరిచి చూడదు. తను చదివేది డబ్బానే.

ఈ లేఖ చదివే అక్కచెల్లెళ్లకి కూడా ఒక మాట. రోజూ పచ్చళ్లూ పొడులూ మాత్రమే అయితే 500 వాట్లు చాలు, పెద్ద అంకె చూసి మోసపోకండి. ఐదు జార్ల కంటే బరువున్న మూడు జార్లు మేలు. షాపులోనే జారు తిరగేసి అడుగున కప్లర్ పట్టుకుని కదిపి చూడండి, లోపల బ్లేడు ఊగితే ఆ జారు వద్దు. విడిగా జారు దొరుకుతుందా, ఎంత అని బిల్లు వేయకముందే అడగండి. గారెల పప్పు జారులో మూడో వంతుకి మించి వేయకుండా, చల్లటి నీళ్లు చిలకరిస్తూ, నిమిషం తిప్పి నిమిషం ఆపండి. చెయ్యి పెడితే వేడిగా తగిలేదాకా మిక్సీని నడపకండి.

డైరెక్టర్ జనరల్ గారూ, ఆ అమ్మాయి ఇప్పుడు పచ్చడికి మా ఇంటికి వస్తోంది. మొహమాటపడుతూ వస్తుంది. నెలకి మూడొందలు పక్కన పెడుతోంది, వచ్చే దసరాకి మళ్లీ మిక్సీ కొనాలని. ఈసారి షాపుకి తన వెంట నేనూ వెళతాను. అప్పటికైనా డబ్బా చదివి "ఇది తీసుకో అమ్మా" అని నేను ధైర్యంగా చెప్పగలిగేలా చూడండి.

ఇట్లు,
ఒక గృహిణి,
రాజమహేంద్రవరం.